అలంపురం పాత ఊరి నడక: తరచుగా అడిగే ప్రశ్నలు

కృష్ణా తుంగభద్రల నడుమ ఉన్న నేలను మా వైపు నడిగడ్డ అంటారు. ఆ నడిగడ్డ తూర్పు కొసన, తుంగభద్ర ఒడ్డున అలంపురం ఉంది. ఈ ఊరి పాత భాగాన్ని కాలినడకన చూపించే మాకు, వచ్చే ముందు ఫోనులో కొందరూ వచ్చిన తరువాత మెట్ల మీద కూర్చుని కొందరూ అడిగే ప్రశ్నలకు ఇక్కడ జవాబులు ఇస్తున్నాము.

ఈ నడకలో ఏమేమి చూస్తాము?

తుంగభద్ర స్నానఘట్టం దగ్గర మొదలుపెట్టి, నవబ్రహ్మ ఆలయాలను ఒక్కొక్కటిగా చూసి, జోగులాంబ అమ్మవారి గుడి, పురావస్తు ప్రదర్శనశాల, సూర్యనారాయణ, నరసింహ ఆలయాలు, దర్గా, పాత కోట గోడల ఆనవాళ్లు, ఊరి వీధులు చూస్తాము. కూడవెల్లి నుంచి తరలించి కట్టిన సంగమేశ్వరాలయం దగ్గర నడక ముగుస్తుంది. ఓపిక ఉన్నవారు అక్కడి నుంచి పాపనాశి ఆలయాలకు కూడా వెళ్లవచ్చు.

మేము అమ్మవారి దర్శనానికే వస్తున్నాము. దానికి తోడు ఈ నడక అవసరమా?

దర్శనం ఎవరికి వారు చేసుకోవలసినదే, అందులో మేము జోక్యం చేసుకోము. అయితే హైదరాబాదు నుంచి 200 కిలోమీటర్లకు పైగా ప్రయాణం చేసి వచ్చిన కుటుంబాలు అమ్మవారి గుడిలో అరగంట, బాలబ్రహ్మేశ్వరుడి దగ్గర పావుగంట గడిపి, పక్కనే ఉన్న మిగతా ఎనిమిది గుళ్ల వైపు కన్నెత్తి కూడా చూడకుండా బండెక్కి శ్రీశైలానికో మంత్రాలయానికో వెళ్లిపోవడం మేము ప్రతి ఆదివారం చూస్తున్నాము. ఆ గుళ్లలో నిత్యపూజలు లేకపోవడంతో చూడవలసినది కూడా ఏమీ లేదని అనుకుంటారు. తెలుగు నేల మీద ఇంత పాత రాతి గుళ్లు ఇన్ని ఒకే చోట నిలిచి ఉండటం ఎంత అరుదో వారికి చెప్పేవారు లేకపోవడమే కారణమని గ్రహించాము. ఈ నడక పెట్టుకున్నది అందుకే. మీరు దర్శనం ముందే ముగించుకుని రావచ్చు, లేదా నడక మధ్యలో చేసుకోవచ్చు. వరుసలో నిలబడే సమయాన్ని మేము నడక లెక్కలో కలపము.

నడకకు ఎంతసేపు పడుతుంది, ఎప్పుడు మొదలవుతుంది?

సుమారు మూడున్నర గంటలు పడుతుంది. ఉదయం ఆరున్నరకు ఘట్టం దగ్గర కలుస్తాము. తుంగభద్ర ఇక్కడ ఉత్తర దిక్కుగా ప్రవహిస్తుంది కనుక ఊరు నదికి పడమటి ఒడ్డున ఉంటుంది, సూర్యుడు అవతలి గట్టు మీద ఉదయిస్తాడు. నవబ్రహ్మ ఆలయాలు తూర్పు ముఖంగా ఉన్నాయి. తొలి ఎండ ద్వారం గుండా మండపంలోకి వచ్చి స్తంభాల మీది చెక్కడాలను పక్కవాటుగా తాకే ఆ గంటసేపు, మధ్యాహ్నం ఎంత కళ్లు చిట్లించినా కనబడని బొమ్మలు వాటంతట అవే తేలి కనిపిస్తాయి. ఆలస్యంగా మొదలుపెట్టమని అడిగేవారికి మేము ఒప్పుకోకపోవడానికి ఇదే కారణం.

దూరం చాలా తక్కువ. తొమ్మిది గుళ్లూ ఇంచుమించు ఒకే ప్రాంగణంలో ఉన్నాయి. సమయమంతా నిలబడి చూడటానికే పడుతుంది.

నవబ్రహ్మ ఆలయాలంటే తొమ్మిది మంది బ్రహ్మలకు కట్టిన గుళ్లా?

కాదు, తొమ్మిదీ శివాలయాలే. తారకబ్రహ్మ, స్వర్గబ్రహ్మ, పద్మబ్రహ్మ, బాలబ్రహ్మ, గరుడబ్రహ్మ, కుమారబ్రహ్మ, అర్కబ్రహ్మ, వీరబ్రహ్మ, విశ్వబ్రహ్మ అని వాటి పేర్లు. బ్రహ్మదేవుడు ఇక్కడ తపస్సు చేసి శివుణ్ణి మెప్పించాడని స్థలపురాణం చెబుతుంది. రససిద్ధుడనే యోగి పాదరసంతో బంగారం చేసే విద్య తెలిసినవాడని, ఈ గుళ్లకు అతడు వాడిన మూలికల పేర్లే నిలిచాయని ఊళ్లో మరో కథ ఉంది. మేము రెండు కథలూ చెబుతాము. అవి కథలని చెప్పి మరీ చెబుతాము.

చరిత్ర చెప్పేది వేరు. ఈ గుళ్లను బాదామి రాజధానిగా పాలించిన చాళుక్యుల కాలంలో, 7, 8 శతాబ్దాలలో కట్టారు. ఇప్పుడు నిత్యపూజ జరిగేది ప్రధానంగా బాలబ్రహ్మ ఆలయంలోనే. అర్కబ్రహ్మ బాగా శిథిలమైంది.

ఈ గోపురాలు మన గుళ్ల గోపురాల వలె లేవేమి?

దాదాపు ప్రతి జట్టులోనూ ఎవరో ఒకరు ఈ ప్రశ్న అడుగుతారు. మనకు అలవాటైన దక్షిణాది విమానం, అంటే గర్భగుడి మీది గోపురం, అంతస్తులు అంతస్తులుగా మెట్లు కట్టినట్టు పైకి లేస్తుంది. ఇక్కడి శిఖరాలు నాలుగు వైపుల నుంచి లోపలికి వంగుతూ, నిలువు గీతలతో ఒకే ఊపులో పైకి పోయి, నెత్తిన గుండ్రని చక్రం వంటి రాతితో ముగుస్తాయి. ఒడిశాలోనూ ఉత్తర భారతంలోనూ కనబడే ఈ పద్ధతిని రేఖానాగరమంటారు. పైనున్న ఆ గుండ్రని రాయి పేరు ఆమలకం, అంటే ఉసిరికాయ. ఉసిరికాయకు ఉన్నట్టే దానికీ చుట్టూ నొక్కులు ఉంటాయి. ఈ మాట చెప్పగానే పిల్లలు అన్ని గుళ్ల మీదా ఉసిరికాయల కోసం వెతకడం మొదలుపెడతారు.

తొమ్మిదింటిలో తారకబ్రహ్మ శిఖరం మాత్రం ద్రావిడ పద్ధతిలో ఉంటుంది. తక్కినవాటి సరసన దానిని చూసినప్పుడు, రెండు పద్ధతులనూ ఎరిగిన శిల్పులు ఒకే చోట పనిచేశారని వేరే ఎవరూ చెప్పనక్కరలేదు. కర్ణాటకలో చాళుక్యులు గుళ్లు కట్టిన పట్టదకల్లులోని పాపనాథ ఆలయానికీ ఇక్కడి గుళ్లకూ పోలిక ఉందని శిల్పచరిత్ర రాసినవారు ఎప్పటినుంచో గుర్తిస్తూ వచ్చారు. పట్టదకల్లు 1987లో యునెస్కో జాబితాకెక్కింది, ఏటా లక్షల మంది దానిని చూస్తున్నారు. దానితో చుట్టరికమున్న మా ఊరి గుళ్లను అన్ని కళ్లు చూడకపోవడం మాకు నిజంగానే బాధ కలిగిస్తుంది.

స్వర్గబ్రహ్మ ఆలయం దగ్గర అంతసేపు ఎందుకు నిలబెడతారు?

తొమ్మిదింటిలో పనితనం అన్నిటికంటే పండినది అదే కనుక. బాదామి చాళుక్య రాజు వినయాదిత్యుడు పాలించిన కాలంలో, అంటే 681, 696 సంవత్సరాల మధ్య, లోకాదిత్య ఎళ అరస అనేవాడు రాణి పేరున ఈ గుడి కట్టించాడని అక్కడి శాసనం చెబుతోంది. గోడల మూలల్లో అష్టదిక్పాలకులు తమ తమ దిక్కుల్లో నిలిచి ఉన్నారు. గోడ పొడవునా గూళ్లలో శివుడి వేర్వేరు మూర్తులు ఉన్నాయి. దిక్పాలకులను వెతుకుతూ గుడి చుట్టూ తిరిగేసరికి ప్రదక్షిణమూ పూర్తవుతుంది, తెలియకుండానే గోడంతా చూడటమూ అయిపోతుంది.

ఈ గుళ్లలో గర్భగృహానికీ బయటి గోడకూ నడుమ ఒక ఇరుకు దారి ఉంటుంది. ప్రదక్షిణ కోసం కట్టిన ఆ దారిలోకి వెళ్లిన కొత్తలో కళ్లకు ఏమీ కనబడదు. గబ్బిలాల వాసన వస్తుంది. ఒక నిమిషం కదలకుండా నిలబడితే, రాతి జాలీల గుండా పడిన వెలుగు ఎదుటి గోడ మీద అచ్చు అదే అల్లికగా పరచుకుని ఉండటం మెల్లగా కనబడుతుంది. కిటికీ చెక్కిన శిల్పి ఈ రెండో కిటికీని కూడా ముందే ఊహించి ఉంటాడని మేము నమ్ముతాము. అక్కడ మేము మాట్లాడము, జట్టును కూడా మాట్లాడవద్దని కోరతాము.

శాసనాలను మేము చదవగలమా?

పట్టుమని పది అక్షరాలైనా పట్టుకోగలరు. తెలుగు, కన్నడ లిపులు విడిపోకముందరి రాత కనుక ర, న, మ వంటి అక్షరాలను గుర్తుపట్టే ఒడుపు మేము నేర్పుతాము. కల్యాణి చాళుక్య రాజు ఆరవ విక్రమాదిత్యుడి 1101 నాటి శాసనం ఈ ఊరిని హతంపురమని పేర్కొన్నది. నరసింహాలయంలో శ్రీకృష్ణదేవరాయల కాలపు శాసనం ఉంది. రాయచూరు, బళ్లారి వైపు నుంచి వచ్చే కన్నడ కుటుంబాలు ఈ అక్షరాలను మనకంటే చొరవగా పట్టేసుకోవడం చాలాసార్లు చూశాము. 1956కు ముందు ఈ తాలూకా రాయచూరు జిల్లాలో భాగంగా ఉండేది, ఆ రాకపోకలు ఇంకా తెగిపోలేదు.

జోగులాంబ గుడి కొత్తగా కనబడుతోంది. మరి ఇది పాత శక్తిపీఠమెలా అవుతుంది?

"అలంపురే జోగులాంబా" అని అష్టాదశ శక్తిపీఠాల శ్లోకంలో వచ్చే అయిదో పీఠం ఇదే. పాత గుడి 14వ శతాబ్దంలో దాడుల్లో ధ్వంసమైంది. అప్పటి నుంచి అమ్మవారిని బాలబ్రహ్మ ఆలయంలో ఉంచి కొలిచారు. మూలస్థానంలో కొత్త గుడి కట్టి 2005లో పునఃప్రతిష్ఠ చేశారు. అందువల్ల మీరు చూసే కట్టడానికి రెండు దశాబ్దాల వయసే. కానీ అమ్మవారి కొలువుకు మాత్రం మధ్యలో ఆ ఆరువందల ఏళ్లూ విరామం రాలేదు. గుడి చుట్టూ నీరు ఉండటం అమ్మవారి ఉగ్రరూపాన్ని చల్లబరచడానికేనని భక్తులు చెబుతారు. అమ్మవారి జటల్లో తేలు, కప్ప, బల్లి ఉంటాయి. ఏటా వసంత పంచమినాడు నిజరూప దర్శనం ఉంటుంది.

శ్రీశైలానికి నాలుగు దిక్కులా నాలుగు ద్వారాలున్నాయని మన పెద్దలు లెక్కపెట్టారు. తూర్పున త్రిపురాంతకం, దక్షిణాన సిద్ధవటం, ఉత్తరాన ఉమామహేశ్వరం కాగా, పడమటి ద్వారం అలంపురం.

ఎండాకాలంలో నీటి నుంచి బయటపడే సంగమేశ్వరం ఇక్కడిదేనా?

కాదు. శ్రీశైలం జలాశయం నీరు తగ్గినప్పుడు బయటపడే సంగమేశ్వరం ఆంధ్రప్రదేశ్‌లోని నంద్యాల జిల్లాలో ఉంది, అక్కడ కొలిచేది వేప లింగాన్ని. మా నడకలో చూసేది కూడవెల్లి సంగమేశ్వరుడి గుడి. కృష్ణా తుంగభద్రలు కలిసే కూడవెల్లిలో ఈ చాళుక్యుల నాటి ఆలయం ఉండేది. రెండు పేర్లూ ఒకటే కావడంతో తికమకపడి, నీళ్లలో ఉన్న గుడి కోసం కెమెరాలతో మా దగ్గరికి వచ్చినవారు కూడా ఉన్నారు.

శ్రీశైలం ప్రాజెక్టు కింద కృష్ణా, తుంగభద్ర తీరాల్లో సుమారు 100 ఊళ్లు మునిగిపోయాయి. మునగబోయే గుళ్లలో ముఖ్యమైనవాటిని పురావస్తు శాఖవారు రాయి రాయికీ అంకె వేసి, విప్పి, మోసుకొచ్చి, ఎగువన అదే వరుసలో పేర్చి కట్టారు. కూడవెల్లి సంగమేశ్వరాలయమూ పాపనాశి ఆలయాలూ ఆ విధంగానే ఇప్పుడున్న చోటికి వచ్చాయి. చెక్కడాలతో నిండిన ఎత్తయిన అధిష్ఠానాన్ని, అంటే గుడి నిలిచిన రాతి పీఠాన్ని, దగ్గరగా చూసినప్పుడు ఇంత బరువును ఎట్లా కదిలించారా అనిపిస్తుంది.

ఒకసారి మా జట్టులో కొడుకు చెయ్యి పట్టుకుని ఒక పెద్దాయన వచ్చారు. నవబ్రహ్మల దగ్గర ఆయన పెద్దగా మాట్లాడలేదు. సంగమేశ్వరాలయానికి వచ్చాక ద్వారం పక్కనున్న రాతిని అరచేతితో తడిమి, "గుడి ఇదే బిడ్డా. కానీ ఏరు లేదు. ఆడ మెట్లు దిగితే ఏరు ఉండె" అన్నారు. ఆయన ఊరు 1981 ప్రాంతంలో మునిగిన ఊళ్లలో ఒకటి. ఆ ఒక్క మాటతో ఆనాడు మేము చెప్పదలచుకున్నదంతా ఆయనే చెప్పినట్టయింది. అప్పటి నుంచి ఈ గుడి దగ్గర శిల్పాల గురించి చెప్పడం మొదలుపెట్టే ముందు, మీలో ఎవరైనా ముంపు ఊళ్లవారు ఉన్నారా అని అడుగుతున్నాము. తరచుగా ఎవరో ఒకరు ఉంటారు. అప్పుడు మేము పక్కకు తప్పుకుని వారినే చెప్పమంటాము.

పాపనాశి ఆలయాల వరకు నడవాలా?

అవి ఊరికి నైరుతిగా సుమారు రెండు కిలోమీటర్ల దూరంలో ఉన్నాయి. చలికాలంలో నడవవచ్చు, తక్కిన కాలమంతా ఆటోలో వెళ్లడమే మంచిది. ఇరవైకి పైగా ఉన్న ఆ చిన్న గుళ్లు 9 నుంచి 11వ శతాబ్దం వరకు కట్టినవి. అక్కడ జనం ఉండరు. నీళ్లు దొరకవు, వెంట తీసుకువెళ్లండి.

ప్రదర్శనశాలలో చూడవలసినవి ఏవి?

నటరాజు, మహిషాసురమర్దిని విగ్రహాలను అందరూ చూస్తారు. తల స్థానంలో పద్మం ఉన్న దేవతా విగ్రహం ముందు మాత్రం చాలామంది సిగ్గుపడి త్వరగా కదిలిపోతారు. పండితులు లజ్జాగౌరి అని పిలిచే ఆ తల్లిని సంతానం కోసం ఆడవారు కొలిచేవారు. పంటనూ కాన్పునూ ఒకే శక్తిగా చూసిన కాలపు విగ్రహమది. అక్కడ మేము కొంచెం ఎక్కువసేపు ఆగి, సంకోచం లేకుండా వివరిస్తాము, పిల్లలున్నా సరే. ప్రదర్శనశాలకు వారపు సెలవు ఉంటుంది కనుక, ఆ రోజున వచ్చే జట్లకు ముందే తెలియజేస్తాము.

గుళ్లు కాక ఊళ్లో ఇంకేమి ఉంది?

ఆలయాల పక్కనే షా అలీ పహిల్వాన్ దర్గా ఉంది. గుడికి వచ్చినవారు దర్గాకూ, దర్గాకు వచ్చినవారు అమ్మవారి గుడికీ వెళ్లడం ఈ ఊళ్లో వింత కాదు. కోట గోడల శకలాలు ఇళ్ల వెనుక గోడల్లో కలిసిపోయి కనబడతాయి. నది వైపు కట్టిన రక్షణ కట్ట ఎక్కితే ఒక పక్క నీరు, మరో పక్క శిఖరాలు ఒకే చూపులో కనిపిస్తాయి. 2009 అక్టోబరు 2న వచ్చిన వరద ఈ ఊరిని ముంచెత్తింది. ఏ గోడకు నీరు ఎంతవరకు వచ్చిందో వీధిలో ఎవరిని అడిగినా చెయ్యెత్తి చూపిస్తారు. వారు చెప్పేది ఓపికగా వినండి.

పెద్దవారూ చిన్నపిల్లలూ నడవగలరా?

నేల చాలావరకు చదునుగానే ఉంటుంది. అయితే ప్రతి గుడికీ ఎత్తయిన గడపలు, అరిగి నునుపెక్కిన మెట్లు ఉన్నాయి. మోకాళ్ల నొప్పులున్నవారు లోపలికి రాకుండా బయటి గోడలు చూసినా సగానికి పైగా చూసినట్టే. చక్రాల కుర్చీ ప్రాంగణంలో తిరుగుతుంది, గుళ్లలోకి వెళ్లదు. పిల్లలకు పంచతంత్ర కథల శిల్పాలు, రామాయణ ఘట్టాలు వెతికే పని అప్పగిస్తాము. అప్పుడు వారే పెద్దల చెయ్యి పట్టుకుని లాక్కుపోతారు.

దుస్తులు, చెప్పులు, ఎండ సంగతి ఏమిటి?

నవంబరు నుంచి ఫిబ్రవరి వరకు అనువైన కాలం. ఏప్రిల్, మే నెలల్లో ఎండ 40 డిగ్రీలు దాటుతుంది. తొమ్మిది గంటలకే పరచిన బండలు అరికాళ్లు కాల్చేస్తాయి. పూజ జరిగే చోట చెప్పులు విప్పవలసిందే కనుక, మందపాటి నూలు మేజోళ్లు ఒక జత వెంట ఉంచుకోండి. గుడికి తగిన దుస్తులు వేసుకోవాలి. గొడుగు కంటే తలగుడ్డ మేలు, ఇరుకు దారుల్లో గొడుగు చెక్కడాలకు తగులుతుంది.

ఫొటోలు తీసుకోవచ్చా?

అమ్మవారి గుడిలోనూ పూజ జరిగే గర్భగుడుల్లోనూ తీయకూడదు. రక్షిత కట్టడాల బయటి భాగాలను ఫోనుతో నిరభ్యంతరంగా తీసుకోవచ్చు. మూడుకాళ్ల స్టాండు పెట్టాలంటే పురావస్తు శాఖ అనుమతి అవసరం.

ఏ పనులు చేయకూడదు?

శిల్పాలకు పసుపు కుంకుమలు పూయకూడదు. ఇది భక్తికి అడ్డు చెప్పడం కాదు. నూనె, కుంకుమ, కర్పూరపు మసి ఇసుకరాతి రంధ్రాల్లోకి దిగితే వాటిని తీయడానికి రసాయనాలు వాడాలి, ఆ కడుగుడుతో రాతి పైపొర కూడా కొంత పోతుంది. ఒక ద్వారబంధం మీది గంగాదేవి ముఖం మా చిన్నతనంలో కనుముక్కు తీరు స్పష్టంగా ఉండేది. ఇప్పుడు అక్కడ వేళ్ల గుర్తులతో గట్టిపడిన ఎర్రని ముద్ద మాత్రమే ఉంది. ద్వారబంధాల మీద కొబ్బరికాయ కొట్టడం, స్తంభాలకు ఆనుకుని కూర్చోవడం, పేర్లు గీకడం కూడా వద్దు. ఎవరైనా గీకుతూ కనబడితే మేము నడక ఆపి, వారితో మాట్లాడిన తరువాతే ముందుకు వెళతాము.

పండుగ రోజుల్లో నడక ఉంటుందా?

మహాశివరాత్రి, దేవీ నవరాత్రులు, వసంత పంచమి రోజుల్లో ఉండదు. ఆ రోజుల్లో ప్రాంగణం యాత్రికులది. తుంగభద్ర పుష్కరాలప్పుడు కూడా ఇదే పద్ధతి పాటిస్తాము. గత పుష్కరాలు 2020లో జరిగాయి.

రుసుము ఎలా లెక్కిస్తారు?

మనిషి లెక్కన కాదు, జట్టు లెక్కన. జట్టులో పన్నెండు మందికి మించనివ్వము, అంతకు మించితే ఇరుకు దారుల్లో వెనుకవారికి ఏమీ కనబడదు, వినబడదు. మొత్తం ఎంతో ముందే చెప్పి ఒప్పుకున్న తరువాత పైసా అదనంగా అడగము. బడిపిల్లలను ఉపాధ్యాయులు తీసుకువస్తే ఏమీ తీసుకోము.

ఎలా రావాలి? ఫలహారం దొరుకుతుందా?

హైదరాబాదు నుంచి, మహబూబ్‌నగర్ నుంచి వచ్చేవారు కర్నూలు జాతీయ రహదారి మీద అలంపూర్ చౌరస్తాలో దిగి బస్సో ఆటోనో పట్టుకోవాలి. రైలులో వస్తే అలంపూర్ రోడ్ స్టేషను ఉంది. కర్నూలు నుంచి రోడ్డు మీద సుమారు 25 కిలోమీటర్లు. ఆరున్నరకు ఘట్టం చేరాలంటే ముందురాత్రి ఊళ్లోనో కర్నూలులోనో బస చేయడం మంచిది. నడక ముగిసే వేళకు ఉగ్గాణి, మిరపకాయ బజ్జీ వేడిగా దొరుకుతాయి. ఆకలికి తాళలేనివారు ముందే ఒక అరటిపండు తిని రండి, గుళ్ల మధ్య తినుబండారాలు తెరిస్తే కోతులు వస్తాయి.

వాన పడితే నడక రద్దవుతుందా?

జల్లుకు రద్దు చేయము. తడిసిన ఇసుకరాయి ఎరుపు తేలి, పొడి రోజుల్లో కనబడని గీతలు కూడా కనబడతాయి. నది పొంగి ఘట్టం మెట్లు మునిగితే మాత్రం ఘట్టాన్ని విడిచిపెట్టి బాలబ్రహ్మ ఆలయ ద్వారం దగ్గర మొదలుపెడతాము. ఆ మార్పును ముందురోజు సాయంత్రం ఫోను చేసి చెబుతాము.